నీలం తిరిగేదాకా

ఇదంతా ఒక చీరల షాపు ఫ్లెక్సీతో మొదలైంది.

నెల్లూరు ట్రంకు రోడ్డు పక్క సందులో ఒక ఫ్లెక్సీ ప్రింటింగ్ షాపులో నేను డిజైనర్ని. 14 ఏళ్ళుగా అదే కుర్చీ, మానిటర్లు మాత్రం మూడు మారాయి. 2025 సంక్రాంతి వెళ్ళిన వారం ఒక చీరల వ్యాపారి కొత్త బోర్డు కొట్టించుకున్నాడు. స్క్రీన్ మీద చక్కటి నీలం. మెషీన్లోంచి వంకాయ రంగులో బయటికొచ్చింది. మా పనిలో ఇది పాత తలనొప్పే. మానిటర్ వెలుగుతో రంగు చేస్తుంది, మెషీన్ సిరాతో చేస్తుంది. వెలుగులో వచ్చే కొన్ని నీలాలు సిరాలో రానే రావు, మెజెంటా అనే గులాబీ సిరా పిసరంత ఎక్కువైతే చాలు, ఊదాలోకి జారిపోతాయి. ఇదంతా ఆయనకి చెప్పాను. వినలేదు.

“నీలం అంటే ఏందో నీకు తెలీదబ్బయా. పాటూరులో ఒక పెద్దాయనుండాడు, రంగుల మేస్త్రి. ఆయన అద్దిన చిలప ఒకటి తెచ్చుకోని పక్కన పెట్టుకో” అన్నాడు. చిలప అంటే నూలు కట్ట. డబ్బులు సగమే ఇచ్చి వెళ్ళాడు.

నేను వెళ్ళింది రంగు కోసమే. ఊపిరి కోసం కాదు. కానీ నా ఊపిరి సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. 2024 మే 13న పోలింగ్. దానికి ముందు రెండు నెలలు మా మెషీన్ ఆగలేదు, నేనూ ఆగలేదు. రాత్రి రెండింటికి ఇంటికొచ్చి కళ్ళు మూసుకుంటే నాయకుల బుగ్గలు కనపడేవి, వాటికి ఇంకాస్త తెలుపు పెంచమని ఫోన్లు. ఫలితాలొచ్చాయి, గోడల మీద ఫ్లెక్సీలు దించేశారు, నా ఛాతీలో బిగుసుకున్నది మాత్రం దిగలేదు. ఉన్నట్టుండి గాలి చాలనట్టు అనిపించేది. ఈసీజీ తీశారు, మామూలుగానే ఉంది. టెన్షన్ తగ్గించుకోండి అన్నాడు డాక్టరు. అదేదో దుకాణంలో దొరికేటట్టయితే ముందే కొనుక్కునేవాణ్ణి.

ఒక ఆదివారం పొద్దున పెన్న వంతెన దాటి, కోవూరు మీదుగా పాటూరు వెళ్ళాను. మగ్గాల చప్పుడుని బట్టి వీధి కనుక్కున్నాను. పెద్దాయనకి 78 ఏళ్ళు. బక్కపల్చటి మనిషి, వేళ్ళ గోళ్ళు మాత్రం పదీ నీలం. చిలప కావాలన్నాను. “చేసిందేమీ లేదు, కూర్చుంటే ఇప్పుడు ముంచి ఇస్తా” అన్నాడు.

పెరట్లో మెడదాకా భూమిలో పాతిన బాన ఉంది. మీద గోనెపట్టా. తీయగానే గుప్పున వాసన, పులిసిన కుడితి వాసనకి సున్నం కలిసినట్టు. పైన రాగిరంగు తళుకుతో నీలపు నురగ. దాన్ని గరిటెతో పక్కకి నెట్టాడు. లోపల నీళ్ళు నీలం కాదు. పచ్చికాయకీ పండుకీ మధ్యలో ఉన్న నిమ్మకాయ రంగు.

తడిపి పిండిన నూలు చిలపని చప్పుడు కాకుండా అందులోకి దించాడు. నీళ్ళలోనే వేళ్ళతో విప్పాడు, నీళ్ళలోనే పిండాడు, పైకి తీశాడు. మామిడి లేతాకులా పసుపుపచ్చగా ఉంది. రెండు చేతులతో పట్టుకుని దులిపాడు. నేను చూస్తూనే ఉన్నాను. ముందు అంచులు మారాయి. పసుపు మీద ఆకుపచ్చ పాకింది, ఆకుపచ్చ నెమలి మెడ అయింది, నెమలి మెడలోంచి నీలం తేలింది. ఎవరూ ఏమీ వెయ్యలేదు. ఉత్త గాలి.

“ఊపిరి పీల్చుకుంటా ఉండాది, చూడు” అన్నాడు.

నేను ఊపిరి బిగబట్టి చూస్తున్నానని అప్పుడు తెలిసింది నాకు. ఆయన కూడా అదే గమనించాడు. “దానికి గాలి ఇచ్చి నువ్వు ఆపుకున్నావే” అని నవ్వాడు.

ఇంటికొచ్చాక దీని కెమిస్ట్రీ చదివాను. నీలిమందు నీళ్ళలో కరగదు. తగిరిస గింజలు ఉడికించిన నీళ్ళు, సున్నం వేసి పులియబెట్టిన బానలో గాలి తగలకుండా ఉన్నప్పుడు అది రూపం మార్చుకుని కరుగుతుంది, రంగు పసుపుపచ్చకి తిరుగుతుంది. దారంలోకి ఇంకేది ఆ రూపంలోనే. బయటికి తీస్తే గాలిలోని ఆక్సిజన్ తగిలి మళ్ళీ కరగని నీలమై దారంలోనే ఉండిపోతుంది. కంపెనీ కాలంలో కడప, నెల్లూరు జిల్లాల నీలిమందు ఓడలెక్కి పోయేది. 1897లో జర్మనీ ఫ్యాక్టరీ నీలం అమ్మకానికొచ్చాక ఇక్కడి నీలిమందు పైరు నిలదొక్కుకోలేదు. పెద్దాయన కూడా 40 ఏళ్ళు ఫ్యాక్టరీ రంగులే అద్దాడట, కాస్టిక్ సోడా, హైడ్రోస్ అనే రసాయనం వేసి. ఈ పులిసిన బాన, ఎవరో సహజ రంగులు కావాలని అడిగితే ముసలితనంలో మళ్ళీ పెట్టుకున్నది.

తర్వాతి ఆదివారం ఊరికే వెళ్ళాను. ఆ తర్వాత మధ్యలో బుధవారం కూడా వెళ్ళాను. అప్పుడు చెప్పాడు ఆయన తన సిద్ధాంతం. సిద్ధాంతం అనే మాట నాది. ఆయన “నా లెక్క” అంటాడు.

ఆ లెక్క ఇది. రంగు వస్తువులోనూ ఉండదు, వెలుగులోనూ ఉండదు, ఊపిరి మారే చోట ఉంటుంది. ప్రతిదానికీ మూడు ఊపిర్లు. తొట్టిలో ఉన్నప్పటిది ముంపు ఊపిరి, దాని రంగు పసుపు. బయటపడి ఆరిపోయాక ఉండేది ఆరుదల ఊపిరి, దాని రంగు నీలం. రెండిటి నడుమ తిరుగుడు ఊపిరి, దానికి రంగు పేరు లేదు. మనిషికీ అంతే. లోపలికి తీసుకునేటప్పుడు పసుపు, వదిలేటప్పుడు నీలం, తిరిగే చోట ఎరుక. “పసుపుని చూసినోడికి ఎరుక లేదు, నీలాన్ని చూసినోడికీ లేదు. తిరిగేటప్పుడు చూసినోడుండాడే, వాడిక్కూడా రంగు తిరిగుంటది” అన్నాడు. ఎరుపు అరువు ఊపిరి అట, పక్కనున్నవాళ్ళ దగ్గర లాక్కునేది. తెలుపు ఇంకా అడగనిది. నలుపు అన్నీ మింగి గమ్మునున్నది. ఊదా గురించి అడిగితే “అది మీ మెషీన్ చేసింది” అన్నాడు. చీరల వ్యాపారి ముందే చెప్పినట్టున్నాడు.

మా తాత అచలం అనే వేదాంత మార్గంలో గురువు దగ్గర బోధ తీసుకున్న మనిషి. ఎరుక, బయలు అనే మాటలు చిన్నప్పుడు మా వసారాలో చాలా విన్నాను. అందుకని పెద్దాయన లెక్క కొత్తగా ఏమీ అనిపించలేదు, అచలబోధని తీసుకెళ్ళి నీలిబానలో ముంచినట్టుంది అనుకున్నాను. అయినా 41 రోజులు చేస్తానని ఒప్పుకున్నాను. మండలం అంటే మనవాళ్ళకి ఉన్న పిచ్చి అది, ఏ పనికైనా 41 రోజులంటే సరే అనేస్తాం. ఆయన పైసా అడగలేదు. వచ్చేటప్పుడు ఇంట్లో మిగిలిన సున్నం ఏమైనా ఉంటే తెమ్మన్నాడు.

పని చాలా చిన్నది. పొద్దున ఆరింటికి వెళ్ళాలి. ఆయన ఒక చిలప ముంచి తీస్తాడు. పసుపు నుంచి నీలానికి తిరిగేదాకా నేను ఎన్ని ఊపిర్లు పీల్చి వదిలానో లెక్కపెట్టి చెప్పాలి. అంతే. నెమ్మదిగా పీల్చమని ఆయన ఎప్పుడూ అనలేదు.

మొదటి రోజు 24. ఫోన్లో చూస్తే నిమిషం పావు. అంటే నిమిషానికి 19 చిల్లర. మనిషి రోజుకి 21,600 ఊపిర్లు తీస్తాడని పెద్దలు చెప్పేది నిమిషానికి 15 చొప్పున లెక్క. ఈ లెక్కన నేను రోజుకి ఆరువేలు అప్పు పడుతున్నాను. ఆ మాట చెప్తే పెద్దాయన పట్టించుకోలేదు. “నీలం తొందరపడదు. నువ్వు 24 పీల్చినా, నాలుగు పీల్చినా అది తిరిగే టైముకే తిరుగుద్ది” అన్నాడు.

రెండో వారంలో కొంచెం రంగుల విద్య కూడా జరిగింది. దండెం మీద ఎర్ర చిలప వేసి, దాన్నే కాసేపు రెప్పవాల్చకుండా చూసి, సున్నం గోడ వైపు తిరగమన్నాడు. గోడ మీద చిలప ఆకారంలో నీలిపచ్చ మరక తేలింది. “ఎరుపు వదిలిన ఊపిరి అది” అన్నాడు. నాకు ఇది తెలిసిన సంగతే. కంట్లో ఎరుపుని పట్టుకునే కణాలు అలిసిపోతే మిగతావి పైకొస్తాయి, ఎరుపుకి ఎదురు రంగు కనపడుతుంది. మా సాఫ్ట్‌వేర్లో ఇన్వర్ట్ నొక్కినా దాదాపు అదే రంగు వస్తుంది. అట్లాగే ఒక రోజు సాయంత్రం ఉండిపోతే, మునిమాపు వేళ దండెం మీద ఎర్ర చిలపలు ముందు నల్లబడటం, నీలం ఇంకాసేపు వెలగటం చూపించాడు. చీకట్లో కన్ను పనిచేసే తీరు మారడం వల్ల ఇలా అవుతుందని చెక్ శాస్త్రవేత్త పుర్కింజే 19వ శతాబ్దం మొదట్లోనే రాశాడు, ఆయన పేరుతోనే పిలుస్తారు. పెద్దాయనకి పుర్కింజే తెలీదు. కానీ ఎరుపు ఎప్పుడు నల్లబడుతుందో చూసి దీపం పెట్టుకునే అలవాటు ఆయనకి పెళ్ళయినప్పట్నించీ ఉందట. చూసిన సంగతి నిజం, చెప్పిన కారణం సొంతం. ఆయన చెప్పిన వాటిలో చాలా వరకు ఇంతే అనిపించింది నాకు.

ఇంట్లో ఎవరికీ నచ్చలేదు. “రోజంతా షాపులో చూసే రంగులు చాలవా అండీ?” అంది మా ఆవిడ. మా బావకి జాతకాల పిచ్చి. ఇది ఊపిరిని బట్టి జోస్యం చెప్పే స్వరశాస్త్రమే, మీ పెద్దాయన సగమే నేర్చుకున్నాడు అని తేల్చేశాడు. పృథ్వికి పసుపు, నీటికి తెలుపు, అగ్నికి ఎరుపు, గాలికి మబ్బురంగు, ఆకాశానికి అన్నీ అని చెప్పి, ముక్కు కింద అద్దం పెట్టి ఊదమన్నాడు. ఆవిరి పట్టిన ఆకారాన్ని బట్టి ఏ తత్త్వం నడుస్తోందో తెలుస్తుందట. నాకు వచ్చింది ఒక పక్క పెద్ద మరక, ఒక పక్క చిన్న మరక. ముక్కులో ఒక వైపు కాస్త మూసుకుని ఇంకో వైపు తెరుచుకుంటూ కొన్ని గంటలకోసారి వంతులు మారడం అందరికీ ఉండేదే, 1895లో కైజర్ అనే జర్మన్ డాక్టరు దాన్ని వివరంగా రాశాడు. బావ మాత్రం ఆ మరకలో అర్ధచంద్రుణ్ణి చూసి, నాకు ఆ నెలలో డబ్బు వస్తుందన్నాడు. చీరల వ్యాపారి మిగతా సగం ఆ నెలలో ఇవ్వలేదు.

ఇక 19వ రోజు రాత్రి.

అప్పటికి నా లెక్క 15కి దిగింది. మనిషికి ఆశ. కళ్ళు మూసుకుంటే పసుపు, నీలం మసగ్గా కనపడుతున్నాయి. ఆ తిరుగుడు రంగు ఒక్కసారి చూడాలని పట్టుకుంది నాకు. పెద్దాయన పద్ధతిలో అయితే ఇంకా 22 రోజులు. ఫోన్లో వెతికితే గబగబా గట్టిగా ఊపిరి తీస్తే పది నిమిషాల్లో రంగులు కనపడతాయని ఒక వీడియో దొరికింది. డాబా మీద చాప వేసుకుని మొదలుపెట్టాను. రంగులు నిజంగానే వచ్చాయి. కంటి అంచుల్లో మిణుగురులు, నడుమ ఊదా మబ్బు. అబ్బ, ఎంత బావుందో అనుకునేలోపు పెదాలు తిమ్మిరెక్కాయి. తర్వాత వేళ్ళు. తర్వాత రెండు చేతుల వేళ్ళూ వాటంతటవే దగ్గరికి ముడుచుకుని పక్షి ముక్కులా బిగుసుకుపోయాయి. విప్పుదామంటే రావు. గుండెపోటే అనుకున్నాను. ఆ భయంతో ఇంకా గబగబా పీల్చాను. మా ఆవిడ పైకొచ్చేసరికి చాప మీద పక్కకి ఒరిగి ఉన్నాను.

ఆసుపత్రిలో డ్యూటీ డాక్టరమ్మాయి, నా కూతురికంటే ఏడెనిమిదేళ్ళు పెద్దదేమో, నాడి చూసి, వేళ్ళు చూసి, “ఏం చేస్తున్నారు అంకుల్, ఇది జరిగేముందు?” అంది. చెప్పక తప్పలేదు. అతిగా ఊపిరి తీస్తే ఆక్సిజన్ పెరగడం కన్నా ఒంట్లోంచి కార్బన్ డయాక్సైడ్ పోవడమే ఎక్కువట. అది తగ్గితే రక్తం క్షారంలోకి తిరుగుతుంది, కాల్షియం సరిగా అందక నరాలు చిటచిటలాడి వేళ్ళు ముడుచుకుంటాయి, మెదడు రక్తనాళాలు సన్నబడి తల తిరుగుతుంది. నా ఊదా మబ్బు అదన్నమాట. పక్కన కూర్చుని తనతో పాటు నెమ్మదిగా ఊపిరి వదిలించింది. పావుగంటలో వేళ్ళు విచ్చుకున్నాయి. ఈసీజీ మళ్ళీ మామూలే. మా ఆవిడ ఇంటిదాకా ఒక్క మాట మాట్లాడలేదు. అది తిట్టడం కన్నా కష్టం.

రెండు రోజులు మానేసి మూడో రోజు పాటూరు వెళ్ళాను. జరిగింది చెప్పాను. పెద్దాయన చాలాసేపు ఏమీ అనలేదు. లేచి పెరట్లోకి పోయి బాన మీద పట్టా తీశాడు. ఒక పొడుగు కర్ర నా చేతికిచ్చి “కలుపు” అన్నాడు. కలిపాను. “గట్టిగా.” మజ్జిగ చిలికినట్టు చిలికాను. నిమ్మకాయ రంగు నీళ్ళు నా కళ్ళముందే ముదురాకుపచ్చకి తిరిగి, పైనుంచి కిందికి మురికి నీలం దిగింది.

“చచ్చిపోయిందబ్బయా. గాలి దూరింది. ఇప్పుడు దీంట్లో ఏం ముంచినా రంగు పట్టదు. మళ్ళీ సున్నం, మళ్ళీ తగిరిస గింజలు, ఓపిక పట్టి మళ్ళీ బతికించుకోవాల. గాలి మంచిదే. తొట్టి లోపలికి పోయే గాలి వేరు, నూలుకి తగిలే గాలి వేరు.”

నాకు చెప్పడానికి ఆయన తన బాన చంపుకున్నాడు. అది మళ్ళీ పులిసి తయారవడానికి వారం పట్టింది. ఆ వారం రోజులు ఇద్దరం ఖాళీ దండెం కింద కూర్చున్నాం.

ఆ వారంలోనే ఇంకో సంగతి తెలిసింది. ఒక పొద్దున దగ్గు తెర ముంచుకొచ్చి పెద్దాయన ఒంగిపోయాడు. కోడలు లోపల్నించి పరుగెత్తుకొచ్చి, ఆయన చొక్కా జేబులోంచే ఇన్‌హేలర్ తీసి నోటికి పెట్టింది. నీలం రంగు ఇన్‌హేలర్. “40 ఏళ్ళ హైడ్రోస్ ఆవిరి సార్ ఇది” అంది. “డాక్టరు చిలపకీ చిలపకీ మధ్య కాసేపు కూర్చోమన్నాడు. ఊరికే కూర్చోలేక ఊపిర్లు లెక్కపెట్టుకోవడం మొదలుపెట్టాడు. ఆ లెక్కే మీకు చెప్పేది.” గొప్ప రహస్యం బయటపెట్టినట్టు ఏమీ అనలేదు, పాలు పొంగాయని చెప్పినట్టు చెప్పి లోపలికి పోయింది.

నాకు కోపం వచ్చింది, దాచుకోవడమెందుకు. ఊపిరి గురువుకి ఊపిరి లేదు. నేను పొద్దున్నే లేచి పది చిల్లర కిలోమీటర్లు బండి మీద వచ్చింది ఉబ్బసపు మనిషి విశ్రాంతి లెక్క కోసమా? పెద్దాయన కాస్త తెప్పరిల్లాక నా మొహం చూసి, ఇన్‌హేలర్ పైకెత్తి చూపించి, “ఇదీ నీలమే అబ్బయా” అన్నాడు. నవ్వు ఆపుకోలేకపోయాను.

బాన మళ్ళీ బతికింది. నా లెక్క 12, 11. ఆ మధ్య ఎక్కడో చదివాను, 2001లో బ్రిటిష్ మెడికల్ జర్నల్లో ఇటలీ పరిశోధకులు రాసింది. క్రైస్తవుల జపమాల ప్రార్థన గానీ, యోగ మంత్రం గానీ చదివినప్పుడు మనిషి ఊపిరి దానంతటదే నిమిషానికి ఆరు దగ్గరికి వస్తుందట, గుండె లయ, రక్తపోటు దానితో జత కుదురుతాయట. మంత్రం ఏదైనా ఫర్వాలేదన్నమాట, నిడివి కుదిరితే చాలు. పాటూరులో ఆ నిడివి నూలు తిరగడానికి పట్టే టైములో దొరికింది. ఈ సంగతి పెద్దాయనకి సంబరంగా చెప్పాను. “అయితే వాళ్ళ తొట్టి ఏది?” అన్నాడు.

40వ రోజు 9. అంటే నిమిషానికి ఏడు కన్నా కాస్త ఎక్కువ. ఛాతీ బిగువు పూర్తిగా పోయిందని చెప్పను. నెలాఖరులో బిల్లులప్పుడు వస్తుంది. వచ్చిందని ముందే తెలుస్తుంది, అది తేడా. తిరుగుడు రంగు నాకు కనపడలేదు. కళ్ళు మూసుకుంటే పసుపూ కనపడుతుంది, నీలమూ కనపడుతుంది, మధ్యలోది చూద్దామనుకునేసరికి తిరిగిపోయి ఉంటుంది.

41వ రోజు ఏదో ఉపదేశం ఉంటుందనుకుని అరటిపళ్ళు, తాంబూలం పట్టుకుపోయాను. పెద్దాయన అరటిపళ్ళు కోడలికిచ్చి, చిలప నా చేతికిచ్చాడు. “ఇయ్యాల నువ్వు ముంచు.”

చప్పుడు కాకుండా దించాను. నీళ్ళలోనే పిండాను. పైకి తీసి దులిపాను, తొమ్మిది లెక్కపెట్టుకుంటూ. అంచులు తిరిగాయి, నెమలి మెడ వచ్చింది, నీలం వచ్చింది. చాలా గర్వంగా ఆయన వైపు చూశాను. ఆయన చిలప లాక్కుని పాయలు విడదీశాడు. లోపల అక్కడక్కడా తెల్లటి చారలు, రంగే తగల్లేదు.

“లోపల విప్పలేదే! ఎట్టబ్బా, 41 దినాలు చూసినావు గదా, నేను విప్పేది చూళ్ళేదా నువ్వు?” అని కేకలేశాడు. నిజంగా చూడలేదు. ఎప్పుడూ రంగు తిరిగేదే చూశాను గానీ, నీళ్ళ లోపల ఆయన వేళ్ళేం చేస్తున్నాయో పట్టించుకోలేదు.

ఆ చారల చిలపని ఇప్పుడు షాపులో మానిటర్ వెనక మేకుకి తగిలించాను. నీలం సరిచూసుకోవడానికి పనికిరాదు, ఒక్కో పాయ ఒక్కో నీలం. వచ్చిన కస్టమర్లు దిష్టికా అని అడుగుతారు. అవునంటాను.